ధాన్యలక్ష్మికి కొట్టిన కొబ్బరికాయ

మనిషి ఎప్పుడు పుట్టాడో ఎవరికీ తెలియకపోయినా చచ్చిపోవడానికి అడ్డేమీ లేదు. ఓడకు ఆ వెసులుబాటు లేదు. అది పుట్టినట్టు రుజువైతే తప్ప దాన్ని చావనివ్వరు. ఇన్నేళ్లు సముద్రం మీద తిరిగిన కమాండర్ కొయ్యాన సన్యాసిరావుకు ఈ చిన్న సంగతి చివర్లో గాని తెలిసిరాలేదు.

ఆయన గంగరేవులో ఉండే సరఫరా నౌక ధాన్యలక్ష్మికి కెప్టెన్. నౌకాదళంలో యుద్ధనౌకలు పెళ్లికొడుకుల్లాంటివి. సరఫరా నౌక వంటింట్లో చెమటలు కక్కే మేనత్త లాంటిది. ఆవిడ పెళ్లి ఫోటోలో ఎక్కడా కనపడదు, ఆవిడ లేకపోతే మాత్రం పందిట్లో ఒక్క విస్తరి లేవదు. నడిసముద్రంలో చమురు నిండుకున్న యుద్ధనౌకకు గొట్టం అందించింది ధాన్యలక్ష్మే. బియ్యం, ఉల్లిపాయలు, మంచినీళ్లు, ఇళ్ల నుంచి వచ్చిన ఉత్తరాలు తాడు మీద దాటించిందీ అదే. పెద్ద తుపాను వచ్చిన ఏడాది పడవలు తిరగబడి కొట్టుకుపోతున్న జాలర్లను ఒక్కొక్కరినే పైకి లాగి, ఒళ్లు తుడిచి, వేడి ఉప్మా పెట్టి ఒడ్డున దింపింది కూడా.

అలాంటి ధాన్యలక్ష్మి ముసలిదైపోయింది. చీఫ్ ఇంజనీరు డిల్లేశ్వరరావు రోజూ పొద్దున్నే వచ్చి ఒకే మాట చెప్పేవాడు.

"సార్, ముందువైపు ఎవుడినీ సుత్తి పట్టుకెళ్లనీకండి. అక్కడ ఇనుము ఎప్పుడో పోనాది. మిగిలినదల్లా రంగే. లోపల మనం పోసిన సిమెంటూ, బయట మనం వేసిన రంగూ ఒకదాన్నొకటి పట్టుకుని ఉన్నాయి."

"పెద్ద సముద్రంలోకి వెళ్తే?"

"వెళ్తాది సార్. రావడం సంగతే నాను సెప్పలేను."

సన్యాసిరావుకు ఇంక ఒకే కోరిక మిగిలింది. ఓడలో ఉన్న తన మనుషుల్లో ఒక్కడు కూడా నీళ్లపాలు కాకముందే ధాన్యలక్ష్మి పరువుగా విశ్రాంతి తీసుకోవాలి. ఓడ విరమించే రోజున సూర్యాస్తమయం వేళ జెండాను ఆఖరిసారి దించి, మడిచి, కెప్టెన్ చేతికిస్తారు. ఆ జెండా తన చేతుల్లో పడేదాకా ఆయనకు కంటి మీద కునుకు లేదు. ఓడ సేవాకాలం ముప్పై ఏళ్లు. ముప్పై నిండాయి. పైవాళ్లు సరేనన్నారు. ఇక మిగిలింది సేవాకాల నిర్ధారణ సంచాలకులు ఆకెళ్ల విశ్వపతి గారి సంతకం.

విశ్వపతి గారు నలుగురు సభ్యుల కమిటీతో ఓడకు విచ్చేశారు. ఆయన ఏ ఓడా ఎప్పుడూ నడపలేదు గాని ఏ ఓడ ఎంతకాలం నడవాలో ఆయనే చెప్పాలి. కాఫీ తాగుతూ గోడకున్న పాత ఫోటో దగ్గర ఆగారు. ధాన్యలక్ష్మిని మొదటిసారి నీళ్లలోకి దింపిన రోజు ఫోటో అది. ఎవరో పెద్దాయన భార్య నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుని నిలబడి ఉంది. ఓడ నీళ్లలో ఉంది. ఓడ ముందు నీటి మీద గుండ్రంగా ఏదో తేలుతోంది.

"ఇదేమిటి?" అన్నారు విశ్వపతి గారు.

"కొబ్బరికాయ సార్. ఆ రోజు కొట్టింది."

"కొట్టినచో ఇది అఖండంగా ఎట్లు గోచరిస్తున్నది?"

సన్యాసిరావు దగ్గరికి వెళ్లి చూశాడు. నిజమే. ఇన్నేళ్లుగా రోజూ ఆ ఫోటో కింద కూర్చునే అన్నం తిన్నాడు గాని కాయకేసి ఎప్పుడూ చూడలేదు. ఆ రోజు జరిగింది ఇదీ: ఆవిడ కొట్టిన కాయ పగలకుండా బంతిలా ఎగిరి సముద్రంలో పడింది. 'ఠంగు'మన్న చప్పుడు విని కింద కూలీలు కాయ పగిలిందనుకుని, ఏటవాలు గట్టు మీద ఓడను ఆపి ఉంచిన ఊతాలు తీసేశారు. ఓడ జారిపోయింది. బాజాలు మోగాయి. కాయ సంగతి అడిగే తీరిక ఎవరికుంది?

విశ్వపతి గారు కప్పు కింద పెట్టారు. "నియమావళి ప్రకారం నారికేళ విచ్ఛేదనమే జలప్రవేశము. విచ్ఛేదనము జరగలేదు గనుక జలప్రవేశము జరగలేదు. జలప్రవేశము జరగలేదు గనుక సేవాకాలము ప్రారంభము కాలేదు. ప్రారంభము కానిదానికి ముగింపు ప్రసాదించు అధికారము ఈ సంచాలకత్వమునకు లేదు."

"కానీ సార్, ఇది ముప్పై ఏళ్లుగా నీళ్లలోనే ఉంది కదా?"

"నీళ్లలో ఉండుట వేరు, జలప్రవేశము వేరు కమాండర్. కప్ప కూడా నీళ్లలోనే ఉండును."

కమిటీ సభ్యులు నలుగురూ కప్ప మాటను మెచ్చుకుంటూ రాసుకున్నారు.

మర్నాడే ఓడకు బోర్డు తగిలించారు: 'నౌక నిర్మాణంలో ఉన్నది. శిరస్త్రాణము లేనిదే ప్రవేశము లేదు.' ఆ రోజు నుంచి ఓడలో అందరికీ ఇనుప టోపీలు. వంటవాడు టోపీ పెట్టుకుని సాంబారు కలిపేవాడు. ఒకడు టోపీతోనే స్నానానికి వెళ్లాడు, ఎందుకైనా మంచిదని. అక్కడితో ఆగితే సన్యాసిరావు కూడా టోపీ పెట్టుకుని ఊరుకునేవాడే. కానీ విశ్వపతి గారు తర్కం తెలిసిన మనిషి. అదొకసారి మొదలుపెడితే మధ్యలో దిగడం ఆయనకు అలవాటు లేదు.

పుట్టని ఓడ సరఫరా ఎలా చేస్తుంది? చెయ్యదు. కాబట్టి ముప్పై ఏళ్లలో ధాన్యలక్ష్మి ఇచ్చిన చమురు ఇచ్చినట్టు కాదు. అంటే యుద్ధనౌకలన్నీ చమురు లేకుండానే సముద్రాలు దాటి వచ్చాయన్నమాట. ఇంధనం ఇంత పొదుపుగా వాడినందుకు నౌకాదళానికి ప్రశంసాపత్రం వచ్చింది. ధాన్యలక్ష్మి పంపిన బియ్యం పంపినట్టు కాదు. అంటే నావికులు నెలల తరబడి ఉపవాసాలతోనే కాపలా కాశారు. ఈ అద్భుతం మీద రాజధానిలో వైద్యుల సదస్సు జరిగింది. అన్నం లేకుండా ఇంత బాగా పనిచేసేవాళ్లకు ఇకమీదట అన్నం అవసరమా అని ఒక పెద్దాయన అడిగితే, ఆ ప్రశ్నలో సారం ఉందని అందరూ ఒప్పుకుని అప్పటికి వంకాయ కూర ఆపించారు.

సన్యాసిరావు ఇంటికెళ్లి భార్య వరహాలమ్మకు ఇదంతా చెప్పాడు.

"అయితే మీరు దేనికి కెప్టెన్?" అందావిడ.

"ప్రస్తుతానికి దేనికీ కాదు."

"ఈ మాత్రానికి పొద్దున్నే ఆరింటికి లేచి నాచేత ఇస్త్రీ చేయించుకుంటున్నారా?"

మర్నాడు ఆయన ఇస్త్రీ తనే చేసుకున్నాడు.

ఒకరోజు సూరాడ పోలయ్య అనే జాలరి, భార్య మసేనమ్మతో కలిసి ఓడ దగ్గరికి వచ్చాడు. పెద్ద తుపానులో ధాన్యలక్ష్మి పైకి లాగినవాళ్లలో పోలయ్య ఒకడు. అప్పటి నుంచి ఏటా గంగమ్మ పండక్కి ఓడవాళ్లందరికీ చేపల పులుసు పంపుతాడు. కాపలావాడు ఇద్దరికీ ఇనుప టోపీలు పెట్టి లోపలికి పంపాడు. పోలయ్య చేతిలో నోటీసు ఉంది.

"ఇదేటో సూడండి బాబూ. సదివించుకున్నాం గానీ బుర్రకెక్కనేదు."

సన్యాసిరావు చదివాడు. నిర్మాణంలో ఉన్న నౌక ఎవరినీ రక్షించే అవకాశం లేనందున, పోలయ్య రక్షణ చెల్లదనీ, ఆయన ఇప్పటికీ సముద్రంలో కొట్టుకుపోతున్నట్టుగానే భావించబడుతున్నాడనీ, ఆయన కోసం గాలింపు కొనసాగుతుందనీ దాని సారాంశం.

"గాలింపంతే నిజంగానే గాలిస్తన్నారు బాబూ," అన్నాడు పోలయ్య. "రోజూ పొద్దున్నే మీ పడవలన్నీ నా కోసం ఎల్తన్నాయి. నాను ఒడ్డున కూకోని సూస్తన్నాను. సెయ్యి ఊపితే ఆళ్లూ ఊపుతన్నారు."

"మరి నీ వేట?"

"ఆపీసినారు బాబూ. సంద్రంలో ఉన్నోడు మళ్లా సంద్రంలోకి ఎలగెల్తాడూ అంతన్నారు."

మసేనమ్మ అంతవరకు ఓపిక పట్టింది. ఇక పట్టలేదు. "ఏటి బాబూ ఈ అన్నేయం? నానీ మడిసితో కాపరం సేసి ఇద్దరు పిల్లల్ని కన్నాను, తుపాను తరవాతే. ఆళ్లు ఎవులి పిల్లలంతారు? రేపు ఆ ఆపీసరు బాబు మా ఈదిలోకొచ్చి అదీ అడుగుతాడా?"

అడుగుతాడనే సన్యాసిరావుకు అనిపించింది గాని పైకి అనలేదు. ఆయనకు కడుపు మండిపోయింది. ముప్పై ఏళ్లు ఊరందరికీ వండిపెట్టిన మేనత్తను నువ్వసలు ఈ ఇంటికి రానేలేదు పొమ్మన్నట్టుంది. ఆ కోపంతోనే విశ్వపతి గారి దగ్గరికి వెళ్లాడు.

విశ్వపతి గారు చిరునవ్వుతో ఎదురొచ్చారు. "మీ సమస్యకు పరిష్కారము లభించినది. వచ్చే శుక్రవారం జలప్రవేశము నిర్వహించెదము. నౌకను మళ్లీ గట్టు మీదికి లాగవలసి ఉన్నది గాని, ఆ ఏటవాలు గట్టు మీద ప్రస్తుతం అధికారుల బ్యాడ్మింటన్ కోర్టు ఉన్నందున, నీటిలోనే జరుపుటకు సడలింపు మంజూరు చేసితిని."

"చాలా సంతోషం సార్. కాయ పగిలితే వెంటనే విరమణేనా?"

"విరమణయా? ఆ దినమున సేవాకాలము ప్రారంభమగును. ముప్పై సంవత్సరములు. మన దళములో అత్యంత నూతన నౌక ఇదియే గనుక, మరుసటి వారము జరుగు సుదూర సముద్ర విన్యాసములలో అగ్రభాగమున పయనించును."

సన్యాసిరావుకు కాళ్ల కింద నేల కదిలింది, ఈసారి ఓడ మీద లేకపోయినా. "సార్, ముందువైపు ఇనుము లేదు. రంగే ఉంది. నా మనుషులు వందమంది. పెద్ద అల ఒకటి కొడితే చాలు."

"నూతన నౌకలో తుప్పు ఉండదు కమాండర్. నియమావళి అంగీకరించదు."

"పోనీ కాయైనా మెల్లగా కొట్టించండి సార్."

"మెల్లగా కొట్టుట వల్లనే గదా ఈ దుస్థితి," అన్నారు విశ్వపతి గారు.

ఆ కాయ ఎలాంటిదో చూద్దామని సన్యాసిరావు నాణ్యతా పరీక్షశాలకు వెళ్లాడు. నౌకాదళానికి వచ్చే ఏ వస్తువైనా, మేకు దగ్గర్నుంచి ఇంజను దాకా, అక్కడ పరీక్ష పాసవ్వాలి. మేడ మీద నుంచి ఒకడు కొబ్బరికాయలు ఒక్కొక్కటే కిందికి వదులుతున్నాడు. నేల మీద పగిలిన కాయలన్నీ ఒక పక్కన గుట్టగా పోసి ఉన్నాయి. పరీక్షాధికారి కొబ్బరి ముక్క నములుతూ ఎదురొచ్చాడు.

"ఇవన్నీ ఏమిటండీ?" అన్నాడు సన్యాసిరావు.

"ఫెయిలైన కాయలండీ. పడగానే పగిలిపోయాయి. నాసిరకం సరుకు."

"కొబ్బరికాయ పగలడానికే కదండీ?"

పరీక్షాధికారి జాలిగా చూశాడు. "పగిలే వస్తువును నౌకాదళానికి ఎలా పంపిస్తామండీ? ఇదిగో, ఇదొక్కటే పాసైంది. మేడ మీద నుంచి వేశాం, దాని మీదికి లారీ ఎక్కించాం, దుక్కలా ఉంది. శుక్రవారానికి ఇదే."

ఆ కాయ మామూలు కాయే. కాస్త నల్లగా, చిన్నగా, మొండిగా ఉంది.

"ముప్పై ఏళ్ల కిందట ధాన్యలక్ష్మికి ఇచ్చిన కాయ కూడా ఇక్కడ పాసైందేనా?"

"మరెక్కడ పాసవుతుందండీ? మా నాన్నగారే ఇక్కడ అధికారి అప్పుడు. మేము పాస్ చేసిన కాయ ఇంతవరకు ఒక్కటి కూడా పగలలేదు," అన్నాడాయన గర్వంగా.

సన్యాసిరావు తిరిగొచ్చి డిల్లేశ్వరరావుకు చెప్పాడు. ఇంజనీరు ఓడ ముక్కుకేసి ఒకసారి చూశాడు.

"అయితే సార్, కాయా ఓడా ఢీకొంటే నాను కాయ మీదే పందెం కాస్తాను."

శుక్రవారం వచ్చింది. సన్యాసిరావు తన చేతిలో ఉన్న రెండే రెండు పనులు చేశాడు. 'నూతన నౌకకు గౌరవ వందనం' అని చెప్పి తన మనుషుల్ని చివరి వంటవాడితో సహా దింపి గట్టు మీద వరసగా నిలబెట్టాడు. పోలయ్యను పిలిచి, పడవ ఓడ పక్కనే ఉంచమన్నాడు.

"వేట నేదు గదా బాబూ, పడవెందుకు?"

"వేటకు కాదు. ఊరికే, సభ చూడ్డానికి."

విశ్వపతి గారు మాత్రం ఓడ ముందుభాగం మీదే వేదిక వేయించారు. నూతన నౌకలో ప్రథమ పాదం సంచాలకులదే అయి ఉండాలట. ఆయనా, నలుగురు సభ్యులూ, ఒక మైకూ, పట్టు గుడ్డ కప్పిన కుర్చీలూ. సన్యాసిరావు గట్టు మీద నుంచి మూడుసార్లు బతిమాలాడు. "సార్, దయచేసి గట్టు మీద నుంచే కానివ్వండి. అక్కడ నిలబడకండి." విశ్వపతి గారు మైకులోనే జవాబిచ్చారు, నూతన నౌకను శంకించుట శుభసూచకము కాదని.

కాయను పొడుగాటి తాడుకు కట్టి క్రేను నుంచి వేలాడదీశారు. విశ్వపతి గారు ఉపన్యాసం ముగించి, చెయ్యి ఊపారు. తాడు వదిలారు. కాయ గాలిలో ఊగుతూ వచ్చి ధాన్యలక్ష్మి ముక్కు మీద తగిలింది.

ఈసారి 'ఠంగు'మనలేదు. 'భస్'మంది. కాయ రంగులోంచి, సిమెంటులోంచి దారి చేసుకుని ఓడ లోపలికి వెళ్లిపోయింది. అది వెళ్లిన కన్నం చాటంత అయింది, చాట తలుపంత అయింది. లోపల నుంచి సిమెంటు గడ్డలు దభీదభీమని రాలాయి. ధాన్యలక్ష్మి ఎవరినీ కంగారు పెట్టకుండా, అలిసిపోయిన మనిషి అరుగు మీద చతికిలబడినట్టు, మెల్లగా ముందుకు ఒరిగి రేవు బురదలో కూర్చుంది. గట్టుకు వేసిన చెక్క వంతెన ఊడి నీళ్లలో పడింది. గట్టు మీదున్న వందమందిలో ఒక్కడికీ పాదం తడవలేదు.

వేదిక మీద మాత్రం నీళ్లు మోకాళ్ల దాకా వచ్చాయి.

"రక్షణ పడవలను తక్షణమే పంపవలసినదిగా ఆదేశించడమైనది!" అన్నారు విశ్వపతి గారు మైకులో.

"ఒక్కటీ లేదు సార్!" అని అరిచాడు సన్యాసిరావు. "అన్నీ పోలయ్యను గాలించడానికి వెళ్లాయి!"

పోలయ్య పడవలో లేచి నిలబడ్డాడు. మసేనమ్మ కొంగు బిగించి తెడ్డు పట్టుకుంది. పడవ ఓడకు బారెడు దూరంలో ఆగింది. నీళ్లు నడుము దాకా వచ్చాయి.

"ఇటు తీసుకురావయ్యా పడవని!" అన్నారు విశ్వపతి గారు. అప్పటికే ఆయన భాష కొంత పలచబడింది.

"ఎలగొస్తాను బాబూ? నాను సంద్రంలో కొట్టుకుపోతన్నాను గదా. మీరే నోటీసిచ్చినారు."

"అది పరిపాలనా విషయం! నిన్ను రక్షించారు!"

"ఎవులు బాబూ?"

 విశ్వపతి గారి తర్కం ఆయనకు బాగానే తెలుసు. కానీ నీళ్లు ఛాతీ దాకా వచ్చాయి. పట్టు కుర్చీ ఒకటి ఆయన పక్కనుంచే తేలిపోయింది.

"ధాన్యలక్ష్మి! ధాన్యలక్ష్మి రక్షించింది!"

మసేనమ్మ తెడ్డు మీద గడ్డం ఆనించింది. "అదింకా పుట్టనేదు గదా బాబూ? కాయ పగలనేదంత గదా?"

"పగిలింది!" ఆయన మైకును నెత్తి మీదికెత్తి అరిచారు. రేవంతా వినపడింది. "ముప్పై ఏళ్ల కిందటే పగిలింది! రెండు చెక్కలైంది! ఓడ అప్పుడే పుట్టింది, పనంతా చేసింది, అయిపోయింది దాని సర్వీసు! తల్లీ, నీ కాళ్లు పట్టుకుంటాను, లాగవే అమ్మా!"

"రాసుకున్నారా బాబూ?" అని మసేనమ్మ సభ్యుల్ని అడిగింది. నలుగురూ మెడలోతు నీళ్లలోంచి తలలూపారు. ఆమె తెడ్డు వేసింది. పోలయ్య ఒక్కొక్కరినే జబ్బ పట్టుకుని పడవలోకి లాగాడు, తననెలా లాగారో సరిగ్గా అలాగే. ఉప్మా ఒక్కటే తక్కువ.

సాయంత్రం అయింది. ధాన్యలక్ష్మి వెనకభాగం ఇంకా నీటి మీదే ఉంది, జెండా కర్రతో సహా. విశ్వపతి గారు రగ్గు కప్పుకుని గట్టు మీద వణుకుతూ, సేవాకాలం పూర్తయిందని మరోసారి నోటితోనే చెప్పి తుమ్మారు. సన్యాసిరావు పోలయ్య పడవలో వెళ్లి ఓడ వెనకభాగం ఎక్కాడు. గట్టు మీద వందమంది ఇనుప టోపీలు తీసి కింద పెట్టారు. సూర్యుడు కొండ వెనక్కి దిగుతుంటే ఆయన తాడు తన చేత్తోనే వదిలాడు. జెండా కిందికి వచ్చింది. దాన్ని తనే మడిచాడు. ఏడుపొచ్చింది, ఏడ్చాడు. ఓడ ఇనుము మీద అరచెయ్యి పెట్టి, "చాలమ్మా, ఇక పడుకో," అన్నాడు.

తిరిగి వస్తుంటే కన్నంలోంచి బయటపడి తేలుతున్న కాయ పడవకు తగిలింది. పోలయ్య వంగి తీశాడు. పీచు కూడా ఊడలేదు.

"ఇంత గట్టి కాయ నానెక్కడా సూడనేదు. కొట్టీమంటారా బాబూ? మావోళ్లు ఇనప గునపం మీద కొడితే ఏదైనా పగులుతాది. పచ్చడి సేసుకుందురు."

సన్యాసిరావు గభాలున కాయ లాక్కుని ఒళ్లో జెండా పక్కన పెట్టుకున్నాడు.

"వద్దురా నాయనా," అన్నాడు. "పగిలిందంటే రేపు పొద్దున్న ఆరింటికి లేచి నేను మళ్లీ డ్యూటీకి రావాలి."